తిరగేసిన జెర్సీతో కొట్టిన గోల్

ఒక ఫుట్‌బాల్ జట్టులో ఎంతమంది ఉంటారర్రా? పదకొండు మంది, బాగానే చెప్పారు. బెంచీ మీద కూర్చునేవాళ్లు ఇంకో నలుగురు, వెరసి పదిహేను. మరి మన సాన్ ఎలియాస్ జట్టు మనీలా వెళ్లి జాతీయ కప్పు గెలిచిన ఏడు, ఆ జట్టులో నేనున్నానంటే నేనున్నానని చెప్పుకునేవాళ్లు మన ఊళ్లో ఎంతమంది? తెలియకపోతే తెలియదనండి, తప్పులేదు. నేను ఓపిగ్గా లెక్కపెట్టాను. నలభై ముగ్గురు.

ఆ నలభై ముగ్గురిలో మా అన్న తియోదుల్ఫో ఒకడు. మీకు పెద్దతాత అన్నమాట. అతను ఆ పదిహేను మందిలో నిజంగానే ఉన్నాడు. అక్కడివరకూ అబద్ధం లేదు. అసలు చిక్కు ఆ గోల్‌తో వచ్చింది.

ఫైనల్లో పడింది ఒక్కటే గోల్. అది కొట్టినవాడు కిరికో. తక్కువ మాట్లాడే మనిషి. ఎవరడిగినా "గోల్ జట్టుది" అని ఊరుకునేవాడు. అతను బతికున్నంత కాలం మా అన్న ఆ గోల్‌కి తాను పాస్ ఇచ్చానని మాత్రం చెప్పుకునేవాడు. కిరికో పోయిన నెలకి ఆ పాస్ కాస్తా పెద్దదైంది. ఏడాది తిరిగేసరికి గోలే మా అన్నదైపోయింది. కాదనడానికి ఎవరున్నారు? జట్టులో మిగిలినవాళ్లు ముగ్గురు. ఒకాయనకి మతిమరుపు, ఇంకొకాయన బకోలోద్‌లో మంచాన పడ్డాడు, మూడోవాడు మా అన్న.

ఆ గోల్ కిరికోదేనని మా అన్నకి తెలుసు, నాకూ తెలుసు. నాకెలా తెలుసా? చెప్తాను. పాఠం మధ్యలో ప్రశ్నలు వద్దు.

ఊరి పండగకి ముందురోజు పొద్దున్న జరిగిందిది. మైదానం పక్కన గెలిచిన జట్టు పేర్లతో ఒక పెద్ద చెక్కబల్ల నిలబెట్టారు. పదిహేను పేర్లూ నంబర్లతో సహా రాయడం అయిపోయింది. అడుగున ఒక్క వరుస మిగిలింది: "విజయ గోల్ కొట్టినవాడు", దాని ముందు ఖాళీ. మర్నాడు పూజ అయ్యాక బిషప్పుగారు వచ్చి బల్ల మీద పవిత్రజలం చల్లాలి. రంగులాయన నిచ్చెన మీద ఎర్రరంగు డబ్బాతో కూర్చున్నాడు. బల్లకి ఎదురుగానే లుదివినా కాఫీ కొట్టు. లుదివినా ఎవరు? కిరికో కూతురు. ఇప్పుడర్థమైందా చిక్కెక్కడుందో?

కౌన్సిలరు పోలికార్పో పాత ఆటల పుస్తకం నకలు పట్టుకుని వచ్చాడు. మా అన్న అప్పటికే మంచి బెంచీ చూసుకుని కూర్చుని, రొట్టెని కాఫీలో ముంచుతున్నాడు. నేను మూలన కూర్చున్నాను.

"మనోంగ్ దుల్ఫో, పెద్దన్నా, ఇందులో గోల్ కొట్టినవాడి నంబరు కనబడలేదని రాశారు. మీరు అక్కడున్నారు కదా. ఎవరు కొట్టారు?" అన్నాడు పోలికార్పో.

లుదివినా కాఫీ వడగడుతోంది. ఆ చెయ్యి ఆగింది. మా అన్న ఆమె వైపు చూడలేదు.

"అబ్బే, నేనేం పెద్దగా చేయలేదయ్యా," అన్నాడు.

మా అన్న కోతలన్నీ ఆ మాటతోనే మొదలవుతాయి. ఇక అతని మాటల్లోనే వినండి.

"ఆట ఇంకో పది నిమిషాల్లో అయిపోతుంది. వాళ్లదీ సున్నా, మనదీ సున్నా. అవతల సైనికుల జట్టు, ఒక్కొక్కడి పిక్క మన వంటపొయ్యంత. బంతి దొర్లుకుంటూ నా కాళ్ల దగ్గరికొచ్చింది. నేను బొటనవేలితో ఇలా అన్నాను. వెళ్లి గోల్‌లో పడింది. అంతే, అందులో చెప్పుకునేదేముంది?"

"అంతే అయితే నంబరు ఎందుకు కనబడలేదు మనోంగ్?"

"చూశావా, నోరు మూసుకుని ఉందామంటే ఉండనివ్వవు. బంతి వచ్చిందన్నానా, ఊరికే వచ్చిందనుకున్నావా? మన గోల్ దగ్గర్నుంచి నేనే తీసుకొచ్చాను. దారిలో ఐదుగురు అడ్డొచ్చారు, ఐదుగుర్నీ తప్పించాను, ఆరోవాడు పడుకుని కాలు పట్టుకోబోయాడు, వాడి మీంచి దూకాను, ఏడు, ఎనిమిది, తొమ్మిది, ఇలా పదకొండు మందీ అయిపోయారు. ఆ తర్వాత ఏమైందో తెలుసా? పన్నెండోవాడొచ్చాడు."

"పన్నెండోవాడెవడు తియో?" అని నిచ్చెన మీంచి రంగులాయన.

"రిఫరీ. అప్పటికి కాలికి అలవాటైపోయింది, అతన్నీ తప్పించేశాను."

కొట్టులో నవ్వులు. మా అన్నకి నవ్వు వినబడిందంటే ఇక పగ్గాల్లేవు. లుదివినా మాత్రం నవ్వలేదు. వడగట్టిన కాఫీనే మళ్లీ వడగడుతోంది. ఆమె నా వైపు ఒకసారి చూసింది. నేను నా గ్లాసులోకి చూసుకున్నాను. అన్నని నలుగురిలో తలదించుకునేలా చేయడం ఏ చెల్లెలికి మనసొప్పుతుంది? నోరు విప్పకపోతే ఆ పిల్ల తండ్రి పేరు పోతుంది. బళ్లో ముప్పైనాలుగేళ్లు పిల్లల చేత నిజం చెప్పించినదాన్ని, నా నాలుక నాకే బరువైంది.

"మరిక గోల్ కొట్టేయొచ్చుగా?" అన్నాడు పోలికార్పో.

"గోల్ కనబడితేగా కొట్టడానికి? ఎటు తిరిగినా మళ్లీ మధ్య గీతే. ఇటు పరిగెత్తినా మధ్య గీతే, అటు పరిగెత్తినా మధ్య గీతే. అప్పుడర్థమైంది నాకు. ఆ మైదానం కట్టేటప్పుడు తమావో దయ్యాలు కాపురమున్న చెట్టు కొట్టేశారు. చెట్టు పోయింది కానీ అవెక్కడికి పోతాయి? నన్ను దారి తప్పించేశాయి. పరిగెత్తి పరిగెత్తి ఎప్పుడు గేటు దాటానో తెలీదు, బంతి కాలికంటుకునే ఉంది, జీప్నీ బళ్లు ఆగిపోయాయి, ట్రాఫిక్ పోలీసు చెయ్యెత్తి నాకు దారిచ్చాడు. చూస్తే మనీలా రేవు. పొగమంచు. ఆ పొగమంచులో ఎవరున్నారనుకున్నావు?"

"ఎవరు?"

"ఈ కప్పు పుట్టిన దగ్గర్నుంచి గెలిచిన క్లబ్బులన్నీ. ముందు వరసలో మెలితిప్పిన మీసాల స్పానిష్ దొరలు. వెనక చీనా వర్తకుల కొడుకులు, జుట్టుకి నూనె రాసి పక్కపాపిడి తీసుకుని. ఆ వెనక కాలేజీ కుర్రాళ్లు, పక్కనే జపమాలలతో వాళ్ల ఫాదర్లు. అందరి వెనక నేవీవాళ్లు, పడవతో సహా. ఇన్నేళ్ల కప్పు చరిత్రంతా అడ్డంగా నిలబడి, ఈ పల్లెటూరివాడికి కప్పు ఇచ్చేది లేదంటోంది."

"ఆ స్పానిష్‌వాళ్లు చచ్చిపోయి ఎన్నాళ్లయింది తియో?"

"అందుకేగా వాళ్లకి ఆయాసం రావడం లేదు. అయినా వదిలానా? మీసాలవాళ్ల కాళ్ల మధ్య నుంచి తీశాను, నూనెజుట్టువాళ్ల తలల మీంచి తీశాను, ఫాదర్ దగ్గరికొచ్చేసరికి ఆగి, ఆయన చెయ్యి నుదుటికి తాకించుకుని దీవెన తీసుకుని, ఆయన దీవిస్తుండగానే పక్కనుంచి తీశాను. పెద్దవాళ్లంటే గౌరవం ఉండాలి కదా."

పోలికార్పో కళ్లు తుడుచుకుంటున్నాడు. "మరి నంబరో?"

"అక్కడికే వస్తున్నా. తమావో దారి తప్పిస్తే మనవాళ్లు ఏం చేయమంటారు? బట్ట విప్పి తిరగేసి తొడుక్కోమంటారు. బంతిని తల మీద ఎగరేస్తూ, అది కిందపడేలోపు జెర్సీ విప్పి తిరగేసి తొడిగాను. నంబరు లోపలికి పోయింది. పొగమంచు విడిపోయింది. రెండు మైళ్ల దూరంలో గోల్ చీమంత కనబడింది. రేవు నుంచే కొట్టాను. కొట్టి ఊరుకున్నానా, ఎలా పడుతుందో చూద్దామని బంతి కన్నా ముందే మైదానానికి పరిగెత్తుకొచ్చాను. గోల్‌కీపరు బంతిని చూసి సిలువ గుర్తు వేసుకుని పక్కకి తప్పుకున్నాడు. వల చిరిగింది. బంతి ఆగలేదు, సముద్రంలో పడి మన ఇలోయిలో రేవు వైపు ఈదుకుంటూ పోయింది. రెండ్రోజుల తర్వాత మేం ఓడ దిగేసరికి రేవులో తడారిపోయి కూర్చునుంది. దాని మీద ఒక కోడి పొదుగుతోంది."

"ఏం పొదిగింది మనోంగ్?"

"నాలుగు పింగ్‌పాంగ్ బంతులు."

పకపకా నవ్వారు. ఆ నవ్వుల్లోనే పోలికార్పో పుస్తకం మూసేశాడు. "కోడి సంగతి బిషప్పుగారికి చెప్పంలెండి. కానీ జెర్సీ తిరగేసిన సంగతి పుస్తకంతో సరిపోయింది. నంబరు కనబడకపోవడానికి వేరే కారణమేముంటుంది? ఇంకెవరూ చెప్పుకోవడం లేదు కూడా." నిచ్చెన వైపు తలెత్తి, "తియోదుల్ఫో పేరు రాసెయ్యి," అన్నాడు.

చూశారా, కోతలో ఒక నిజం ముక్క కలిస్తే ఎంత ప్రమాదమో? కోడిని ఎవరూ నమ్మరు. జెర్సీని నమ్మేశారు.

లుదివినా గుడ్డతో చేతులు తుడుచుకుంది. "మా నాన్న కూడా..." అని మొదలుపెట్టి, బల్ల వైపు చూసింది. "నా చిన్నప్పుడు మా నాన్న ఒక్కసారి నాతో అన్నాడు, జెర్సీ తిరగేసుకున్నానని. మళ్లీ ఎప్పుడూ అనలేదు."

"ఇందాయ్, తల్లీ, మీ నాన్న మంచివాడు," అన్నాడు మా అన్న మెల్లగా. "నన్ను చూసి మురిసిపోయి అలా అనుండొచ్చు." ఆ మాట అంటూ రొట్టె వదిలేశాడు. రొట్టె కాఫీలో మునిగిపోయింది. తియ్యలేదు. అతనికీ భయమేసిందని అప్పుడు తెలిసింది నాకు. ఇంత దూరం వచ్చాక వెనక్కి ఎలా వెళ్లాలో అతనికీ తెలియడం లేదు.

రంగులాయన కుంచె ముంచాడు. ఎర్రరంగు చుక్క ఒకటి నిచ్చెన మెట్టు మీద పడింది.

"మనోంగ్," అన్నాను. "ఆ జెర్సీలు ఉతికింది నేను."

అందరూ మూలకి తిరిగారు.

"మనీలా నుంచి మూట రాగానే అమ్మ ఏటి దగ్గరికి నన్ను పంపింది. పదిహేను జెర్సీలు. పద్నాలుగింటికి మట్టి పైన ఉంది. ఒక్కదానికి లోపలి కుట్ల మీద ఉంది, గడ్డి మరకతో సహా. అది తిరగేసే ఉంది. మళ్లీ సరిగా తిప్పి చూస్తే తొమ్మిదో నంబరు. తొమ్మిది ఎవరిదో ఆ బల్ల మీదే రాసుంది చూడండి."

పోలికార్పో బల్ల వైపు చూశాడు. తొమ్మిది, కిరికో.

"పద్నాలుగింటికి పైన మట్టి అన్నారు," అన్నాడు రంగులాయన. "తియోది కూడానా?"

ఇదే, నేను దేనికి భయపడ్డానో సరిగ్గా ఆ ప్రశ్నే. అబద్ధం చెప్పొచ్చు. చెప్పలేకపోయాను. "లేదు. నేను తప్పు చెప్పాను. పదమూడింటికే మట్టి. మా అన్నది ఉతకాల్సిన పనే పడలేదు. నేను గంజి పెట్టి ఇస్త్రీ చేసి పంపిన మడత అలాగే ఉంది."

ఎవరూ నవ్వలేదు. నవ్వి ఉంటే బాగుండేదేమో. లుదివినా కొట్టు బయటికొచ్చి బల్ల ముందు నిలబడింది, ఆ ఖాళీని వేలితో తడుముతూ. కిరికో పేరు రాయమని పోలికార్పో రంగులాయనకి తలూపాడు.

మా అన్న గ్లాసుని పక్కకి జరిపాడు.

"సరే, బెంచీ మీదే ఉన్నాను. వాడు మూడుసార్లు గోల్ ముందు దాకా వెళ్లి దారి తప్పాడు. 'ఒరేయ్ కిరికో, జెర్సీ తిరగెయ్యరా, తమావో పట్టిందిరా నిన్ను' అని బెంచీ మీంచి అరిచింది మాత్రం నేనే. అది నిజం బాసియోన్, చెల్లీ. నువ్వైనా నమ్ము."

అందరూ నా వైపు చూశారు. లుదివినా కూడా.

"ఏమో మనోంగ్," అన్నాను. "అరుపుని నేను ఉతకలేదు కదా."

ఇంక లేవండి. అక్కడ సగం తురిమిన కొబ్బరి అలాగే వదిలేసి వచ్చాను, చీమలు పట్టకముందే మిగతాది తురుముకోవాలి.