గడప గంట

గంటల నాదంతో కాలాన్ని సాగదీసే, కుదించే మేస్త్రీల సంఘంలో అతను చేయి తిరిగినవాడు. అతను గదిలోకి రాగానే మంచం పట్టిన భార్య ఎగాదిగా చూసింది.

“ఎక్కడికెళ్ళారు?”

“వీధి చివరికే. బ్రెడ్డు తెచ్చాను.”

“బ్రెడ్డు కోసం వెళ్తే గడ్డం నెరుస్తుందా?”

“సున్నం పడిందేమోనే.”

“నా చెవిలో పువ్వులు పెట్టకండి. పొద్దున వేసుకెళ్ళింది కొత్త చొక్కా. మోచేతి దగ్గర ఆ మాసికేంటి?”

“పనిలో చిరిగింది.”

“కుట్టిందెవరు? మీకు సూదిలో దారం ఎక్కించడమే రాదు. ఎవరావిడ?”

“ఛ! ఏం మాటలవి?”

“మరి వెళ్ళేటప్పుడల్లా గడప దగ్గర గంటెందుకు కొడుతున్నారు? మేస్త్రీ సొంతింట్లో గంట కట్టకూడదని మీ సంఘం కట్టుబాటేగా?”

“కట్టాననే నన్ను వెలేశారు.”

“వెలేశారా? ఎప్పుడు?”

అతను బ్రెడ్డు తీసి బల్ల మీద పెట్టాడు. ఆమె బల్ల వైపు చూసింది. పొద్దున అతను పెట్టి వెళ్ళిన కాఫీ ఇంకా పొగలు కక్కుతోంది.

“నా గదిలో కాలాన్ని ఆపేశారా?”

“ఆపలేదు, నెమ్మది చేశాను. నీ జబ్బుకి మందు కనిపెట్టేదాకా నువ్వుండాలిగా.”

“దొరికిందా?”

“ఇంకా లేదే.”

“మరి ఆ మాసిక?”

“మన చంటిది వేసింది.”

ఆమె మాసిక మీద వేలు పెట్టి తడిమింది. కుట్లు సన్నగా, ఒద్దికగా ఉన్నాయి. పొద్దున ఆ చేతికి చెంచా ఇస్తే పాలన్నీ ఒలకబోసింది.