వాల్టర్ గారు క్షమించలేదు

సభకు వచ్చిన పెద్దలకు, అమ్మలకు, వాల్టర్ అంకుల్ దగ్గర ఆట నేర్చుకున్న పిల్లలకు నమస్కారం. డెట్రాయిట్ పక్కన ఈ ఫార్మింగ్టన్ హిల్స్‌లో మన తెలుగువాళ్లంతా ఒక ఇంగ్లీషాయన కోసం ఇలా చేరడం ఇదే మొదటిసారి. మా పక్కింటాయన, మన పిల్లల సాకర్ కోచ్, వాల్టర్ ప్లాట్ గారు పోయిన మంగళవారం కన్నుమూశారు.

ఆయన శాంతమూర్తి అని చెప్పమన్నారు కొందరు. చెప్పను. పగ మరిచిపోని మనిషి ఆయన. అందుకే నాకు ఇష్టం.

మిత్రులారా, పందొమ్మిదివందల ముప్పైలలో ఆయన ఇంగ్లండులో మూడో డివిజన్ ఆటగాడు. ఎల్స్‌బీ అనే బొగ్గుగనుల ఊరి క్లబ్బులో డిఫెండరుగా గోల్ ముందు కాపలా కాసేవారు. ఒక శనివారం మోకాలు వాచి నిలబడలేకపోతుంటే, క్లబ్ డైరెక్టర్ వచ్చి "ఆడితే ఆడు, లేకపోతే రేపట్నుంచి రాకు" అన్నాడు. ఆడారు. మోకాలు పోయింది. నెల తిరక్కముందే "కుంటివాడితో మాకేం పని" అని ఆ డైరెక్టరే పంపించేశాడు. కుంటివాణ్ణి చేసిందెవరండీ?

ఇంకొకరైతే ఏడ్చి ఊరుకునేవారు. ఈయన రెండేళ్లు పళ్లు బిగించి ఆ కాలిని దారికి తెచ్చుకున్నారు. పక్క ఊరి క్లబ్బులో చేరి, ఎల్స్‌బీ మైదానానికే ఆడటానికి వెళ్లారు. ఆట చివర్లో పెనాల్టీ వచ్చింది. బంతి చంకలో పెట్టుకుని ఎవరికీ ఇవ్వలేదట. తనే కొట్టారు. ఎల్స్‌బీ ఓడింది, ఆ ఓటమితోనే లీగ్‌లో చోటు పోగొట్టుకుంది. డైరెక్టర్ కూర్చున్న చోటికి కుంటుకుంటూ వెళ్లి, పైకి చూసి, "వచ్చాను సార్" అన్నారు. మా వంటింట్లో కూర్చుని ఇది చెబుతుంటే, కాఫీ చల్లారేది. ఆయన కళ్లు మాత్రం మండేవి.

యుద్ధం తర్వాత డెట్రాయిట్ వచ్చి, కార్ల ఫ్యాక్టరీలో రిటైరై, మేపుల్ క్రీక్ లీగ్‌లో పిల్లలకు ఆట నేర్పారు. మూడేళ్ల కిందట మన శాంతిగారి అమ్మాయి రేణుని కెప్టెన్ చేశారు. అదీ నేరం! లీగ్ ప్రెసిడెంట్ హాల్‌డేన్ గారు "మీకు వయసైపోయింది, రెస్ట్ తీసుకోండి" అని ఆయన్ని తీసేశారు. "ఈ పిల్లలకి ఒంట్లో సత్తువ లేదు" అని మన పిల్లల్నీ తీసేశారు.

శాంతిగారు "పోనీ లెండి, వదిలేద్దాం" అన్నారు. రేణు మాత్రం "నో అమ్మా, వాళ్లని బీట్ చెయ్యాలి" అంది. ఆ మాటకి ముసలాయన పకపకా నవ్వారు. స్కూలు వెనక గడ్డిలో చేతికర్ర ఊపుతూ ఆయన నేర్పింది ఇదీ: "క్షమించకండి. ముందు గెలవండి. తర్వాత చెయ్యి కలపండి."

పోయిన ఫాల్ సీజన్‌లో మన పిల్లలు సొంత టీమ్‌గా వెళ్లి ఆ లీగ్ టీమ్ మీద గెలిచారు కదా! రేణు గోల్ కొట్టింది కదా! అప్పుడు వాల్టర్ గారు వెళ్లి ప్రెసిడెంట్ గారి చెయ్యి పట్టుకున్నారు. హాల్‌డేన్ గారి మొహం ఎర్రబడేదాకా వదల్లేదు.

ఇప్పుడా లీగ్ వారు "మా ప్రియమైన కోచ్‌కి" అని పూలు తెచ్చారు. ఆయన పేరుతో కప్ కూడా పెడతారట. హాల్‌డేన్ గారు స్వయంగా వచ్చి చివరి వరుసలో కూర్చున్నారు. ఆయనకి తెలుగు రాదు. రేణూ, నా మాటలు తర్వాత ఆయనకి ఇంగ్లీషులో చెప్పమ్మా. ఒక్కటి కూడా మెత్తబరచకు. ఆ పూలు వెనక్కి తీసుకెళ్లమను. మనిషి బతికుండగా సారీ చెప్పలేని నోటితో ఇవాళ ఆయన పేరు పలకొద్దను. ఆ పేరు మేమివ్వం.

వచ్చే స్ప్రింగ్ సీజన్‌లో మన పిల్లలు మళ్లీ వాళ్ల మీద ఆడతారు. ఇక్కడే ఉన్న మన భీమశంకర్ గారూ నేనూ నేర్పుతాం. మాకు ఆట అంతంతమాత్రమే వచ్చు. కోపం మాత్రం బాగా ఉంది.

ఇలాంటి సభలో తల వంచుకుని నిలబడటం మనకి అలవాటు. ఇవాళ వద్దు. అందరూ లేవండి. తల ఎత్తుకుని, ఎదురుగా చూస్తూ, ఒక్క నిమిషం మౌనంగా నిలబడదాం. చివరి వరుసలో ఉన్నవారికి ఆ మౌనం వినబడాలి.