నోట పలకని పేరు

హలో… ఆ, నేనేలే, మీ అవ్వనే. మీ తాత ఫోను ఎప్పుడు ఎత్తినాడని? మోగితే నాకేసి చూస్తాడు, అంతే.

…

ఉయ్యాల కట్టినారా? పూలు చుట్టినారా? పిల్లోడు ఏం చేస్తా ఉండాడు?… నిద్రా! పేరు పెట్టే పూట నిద్రపోతా ఉండాడా! అచ్చం మీ తాతే. పెళ్ళిపీటల మీదే కునికినాడు మహానుభావుడు.

…

నాకు మాత్రం బాధగా లేదా వెన్నెలా? మొట్టమొదటి మునిమనవడు! ఈ కాలికట్టు విప్పేదాకా గడప దాటొద్దన్నాడు డాక్టరు. లేకుంటే అల్లూరు నుంచి మీ తోటపల్లి గూడూరు ఎంత దూరం? పొద్దున్నే వచ్చి వాలిపోయుండేదాన్ని.

సరే, ఆ సంగతి చెప్పు. ఏ పేరు ఖాయం చేసినారు? ఫోన్లో వెతికి పట్టుకున్నారే, ఏందది… ఆ, క్రియాన్ష్! అదేనా? దాని అర్థమేందని మొన్న అడిగితే నువ్వూ మీ ఆయనా నీళ్ళు నమిలితిరి.

…

ఏందీ?

…

మళ్ళీ చెప్పు.

…

మీ తాత పేరా!

—ఏమయ్యా! ఏమయ్యో! ఆ శనక్కాయలు అవతల పెట్టి ఇట్టా రా! పిల్లోడికి నీ పేరు పెడతారంట!… ఏం, మాట రాలేదా? రోజూ వీధంతా వినపడేట్టు అరుస్తావే!

వెన్నెలా, మీ తాత నోట్లో గింజ నోట్లోనే ఉండిపోయిందే! అయ్యో, నాకు నవ్వు ఆగడంలా…

…

ఎవరు, నరేంద్రబాబా? మీ ఆయనే అడిగినాడా? బంగారం లాంటి పిల్లోడు! నేను పెళ్ళిచూపుల్లోనే చెప్పలా?… ఓహో… పోర్టులో ఆయనతో పనిచేసేవాళ్ళ పిల్లోళ్ళందరివీ ఒకే రకం పేర్లంటనా? క్వార్టర్స్ ముందర నిలబడి ఒకణ్ణి పిలిస్తే నలుగురు పరిగెత్తుకొస్తారంటనా! అట్టా చెప్పు. మీ తాత పేరుకు ఆ బెంగ లేదులే.

…

అర్థమా? ఉండకేం! మీ తాత కంటే ముందు మా అత్తకు పుట్టినోళ్ళు ఒక్కరూ నిలవలా. కసుమూరు దర్గాకి పోయి మొక్కుకుంది. సామీ, ఈ బిడ్డ నిలిస్తే నీ పేరే పెట్టుకుంటానని. నిలిచినాడు. మనం నామాలు పెట్టుకునే ఇల్లే, పేరు మాత్రం దర్గాది. మా అత్తను ఎవరూ ఒక్క మాట అనలా. ఏ సామి కాపాడితే ఏముందే, బిడ్డ దక్కినాడు కదా!

సాయిబుల్లో పెద్దవాళ్ళను, మహానుభావులను మర్యాదగా పిలిచే మాటంట అది, ఆ దర్గా సామినీ అట్టనే పిలుస్తారు. దాని చివర మనోళ్ళు 'అయ్య' అని ఇంకో మర్యాద తగిలించినారు. ఒక్క పేరులో రెండు మర్యాదలు! మనిషిని చూడబోతే బనీను తిరగేసి తొడుక్కోనుండాడు.

…నవ్వు, నవ్వు. ఆయనా నవ్వుతా ఉండాడు.

…

నేనా?

నేనెందుకు పిలవాలి? మీ అత్త వెంకటశేషమ్మ ఉందిగా పక్కన?… ఆ… ఆ… రెండు వైపులా చూస్తే పెద్ద ముత్తైదువను నేనేననా?… పెద్ద ముత్తైదువ మూడుసార్లు చెవిలో పిలిస్తేనే ఆ ఇంట్లో పేరు నిలుస్తుందంటనా…

నేను పిలవకపోతే?

…అయితే మళ్ళీ ఆ క్రియాన్షేనా! ఇదేం కిరికిరే మీ అత్తది?

…

స్పీకర్లో పెడతావా! నా వల్ల కాదే తల్లీ.

ఎందుకేంది? మొగుడి పేరు కదా! ఇంతవరకు నా నోట రాలా. కొత్తకోడలిగా వచ్చిన రోజు మా ఆడబిడ్డలు గడపలో అడ్డం నిలబడినారు, పేరు చెప్తేగాని లోపలికి రానీమని. పేరు తప్ప ఇంకేందేందో గొణిగినా. కాళ్ళు నొప్పులు పుట్టి వాళ్ళే పక్కకి జరిగినారు. బ్యాంకులో భర్త పేరేందని అడిగితే పక్కింటి పేరమ్మ చేత చెప్పించినా. తిరణాళ్ళలో ఆయన తప్పిపోతే 'వెన్నెల వాళ్ళ తాతా!' అని అరుచుకుంటా తిరిగినా. మూడు వీధులు తిరిగినాక దొరికినాడు, జిలేబీ తింటా.

…

నువ్వు నవ్వుతావులే. మొగుడి పేరు పలికితే ఆయన ఆయుసు తగ్గుతుందని మా అమ్మ చెప్పింది. మొన్న గుండెనొప్పి వచ్చి మీ తాత నెల్లూరు ఆస్పత్రిలో పడుకున్నాడా… నేను బయట బెంచీ మీద కూర్చొని ఒకటే ఆలోచన. ఎప్పుడన్నా పొరపాటున, నిద్రలోనన్నా, ఆ పేరు అన్నానేమోనని.

…లేదులే, ఏడవలా. నాకు భయమే, వెన్నెలా. ఆయన లేకుండా నాకొక పూట గడవదు. ఈ మాట ఆయనకి చెప్పబాకు.

—వినపడిందా? వినపడితే వినపడిందిలే! ఇన్నేళ్ళకి ఒక మంచిమాట విన్నావు, సంతోషపడు!

…ఏందయ్యా? ఏందీ?

…

వెన్నెలా, మీ తాత ఏమంటా ఉండాడో వింటివా? ఇన్నేళ్ళు నేను పేరు పలక్కుండా మిగిలిస్తినే ఆయుసు, అది ఆయనొక్కడికే ఎక్కువైపోయిందంట. మునిమనవడికి కొంచెం పంచమంటా ఉండాడు!

…

అవునే. ఆ మాటా నిజమే.

…

ఉండు. ఉండవే, కొంగు సర్దుకోనీ… నన్నెవరు చూస్తారా? ఎవరూ చూడకపోయినా సర్దుకోవాలి. స్పీకరు పెట్టినావా? అందర్నీ గమ్మునుండమను. వాడి చెవి దగ్గర పెట్టు, మరీ ఆనించబాకు, ఉలిక్కిపడతాడు.

—నువ్వు అటు తిరుగయ్యా! అట్టా చూస్తా ఉంటే నాకు రాదు!

హ… హజ…

సిగ్గేస్తా ఉందే!… ఆ… ఆ, చెప్తా. తొందరపెట్టబాకండి.

…

హజరత్తయ్యా.

…

కళ్ళు తెరిచినాడా? నిజంగానా? నాకోసమేనా!

హజరత్తయ్యా!

…వినపడుతుందిలే, మీ అత్తను కూడా వినమను. ఇంకొకటి. గట్టిగానా? సరే, ఇంక నాకేం భయం.

ఒరే హజరత్తయ్యా!

…

—నువ్వెందుకయ్యా పలుకుతావు? నేను వాణ్ణి పిలుస్తా ఉంటే!

వెన్నెలా, మీ తాత 'ఆఁ' అన్నాడే! ఒట్టు! మంచం మీంచి లేచి నిలబడినాడు కూడా… 'ఒరే' అన్నా కోపం లేదే… తువ్వాలుతో కళ్ళు తుడుచుకుంటా ఉండాడు, పిచ్చి మనిషి.

…

ఆ, బియ్యంలో పేరు రాయించు. వాడి నోటికి తేనె తాకించండి. ఉయ్యాల మెల్లగా ఊపండి… ఏందయ్యా, ఉండు, మనవరాలితో మాట్లాడతా ఉండా కదా!

వెన్నెలా, ఇంక పెట్టెయ్యవే ఫోను… ఎందుకేంది!

మీ తాత ఇంకోసారి పిలవమంటా ఉండాడు.