ఎడమ మీసం మహిమ

కృష్ణానగర్ చాయ్ బండి ముందు ఆదినారాయణ వ్యాన్ ఆగగానే, చిన్నచిన్న వేషాలేసే హనుమంతు గొంతు పెరిగింది. సినిమాలను వెక్కిరించే ఒక టీవీ కామెడీ ప్రోగ్రాంకి మనుషుల్ని కుదిర్చే పనిలో ఆదినారాయణ ఈ వారమే చేరాడు. ఇవాళ ఖాళీ ఉన్నది ఒక్క వేషమే.

"నేను పెద్దగ చేసిందేం లేదు మంజులతా. హీరో తండ్రి శవం ముంగట ఒట్టేసే సీను పేరడీ చేసినం గదా, గా సీన్ల జర మీసం తిప్పిన. గంతే! కెమెరామెన్ నవ్వుకు కెమెరా ఊగింది. డైరెక్టర్ కుర్చీల నుంచి పడ్డడు, పడి గూడ కట్ చెప్తలేడు."

"అబ్బో!" అంది మంజులత, చాయ్ ఊదుకుంటూ. ఆ ప్రోగ్రాంలో వేషాల బట్టలు చూసేది ఆమే.

"ఆగు, టీవీల వచ్చినంక ఏమైందో ఎర్కేనా? ఎర్రగడ్డ మార్కెట్ల ఉల్లిగడ్డ కోసినా ఎవ్వలకు ఏడుపొస్తలేదు. బోరబండల రైలాపి డ్రైవర్ ఎవరింట్లనో టీవీ ముంగట కూసున్నడు, ప్యాసింజర్లు కొట్లాడలే, ఆయన ఎనకనే కూసున్నరు. మాదాపూర్ సాఫ్ట్‌వేరోళ్ల నవ్వు ఫోన్ల ఇని అమెరికా సాబ్ నవ్విండు. ఆయనను చూసి పదిమంది, వాళ్లను చూసి నూరుమంది, లెక్కేసుకో, పొద్దుగూకేసరికి సగం దేశం! వైరస్ అనుకొని కంప్యూటర్లన్నీ బంద్ పెట్టిండ్రు."

"ఒక్క మీసానికా?" అన్నాడు ఆదినారాయణ, వ్యాన్ దిగి చాయ్ గ్లాసు అందుకుంటూ.

"ఎడమదానికే సార్! కుడిది ముట్టనేలే. ఆఖరికి అసలు హీరోనే జూబ్లీహిల్స్ ఇంటికి పిలిపించి, 'అన్నా, ఇగ నిన్ను చూసే నేను నేర్చుకుంట' అని..."

"అన్నా," అంది మంజులత, "గా దినం నీ ముఖం మీద తెల్లబట్ట కప్పింది నేనే. నీది శవం వేషం. మీసం తిప్పింది వేరేటోడు. నువ్వు బట్ట కింద కిసుక్కుమంటే డైరెక్టర్ తిట్టిండు గదా?"

బండి దగ్గర అందరూ ఘొల్లుమన్నారు. హనుమంతు వ్యాన్ వైపు ఒకసారి చూసి తల దించుకున్నాడు.

ఆదినారాయణ గ్లాసు కింద పెట్టాడు. "ఆ శవం నువ్వేనా? జనం నవ్వింది శవం కిసుక్కుమన్నందుకేనయ్యా! మళ్లీ ఆ శవాన్నే తెమ్మన్నారు. గుడ్డ కింద ముఖం కనబడక, ఎవరో తెలియక వారం నుంచి వెతుకుతున్నాను."

హనుమంతు తల లేచింది. "ఈసారన్న మీసం తిప్పొచ్చా సార్?"

"గుడ్డ కింద ఎంతైనా తిప్పుకో. వ్యానెక్కు."