నేను ‘లేడు’ అన్నది ఎందుకంటే

ఒరే బుజ్జిగా, నీ సంగతే చెబుతున్నాను. మేజిస్ట్రేటు గారు రాయిస్తున్నారు. నువ్వు పక్కనుంటే “అమ్మా, అసలు విషయానికి రా” అని మోచేత్తో పొడిచేవాడివి. వస్తున్నాను.

అయ్యా, నా వయసు యాభై ఎనిమిది అని కార్డులో ఉంది. బట్టల దుకాణానికి ఇంటి దగ్గరే కాజాలు, గుండీలు కుడతాను. భర్త లేడు. చనిపోయినవాడు నా ఒక్కగానొక్క కొడుకు. కుట్టుమిషన్లు బాగుచేసేవాడు. దుకాణం పెట్టుకోవడానికి ఫైనాన్స్ కంపెనీలో అప్పు తీసుకున్నాడు. ఆయాసం వచ్చి పని తగ్గింది, వాయిదాలు ఆగాయి. అప్పు లేదని నేను అనను. వాడూ అనలేదు. “అప్పూ ఆయాసమూ కవలపిల్లలమ్మా, ఒకటి పడుకుంటే ఇంకోటి లేస్తుంది” అని నవ్వేవాడు.

పోయిన నెల మొదటి సోమవారం పొద్దున పదింటికి కోర్టు నోటీసులు ఇచ్చే అమీనా మా గుమ్మంలోకి వచ్చాడు. నా పళ్ళ మధ్య దారం ఉంది.

“నీ కొడుకున్నాడా?”

“లేడు” అన్నాను. దారం కొరుకుతున్నాను, అందుకే ఒక్క ముక్కే వచ్చింది. ఎక్కడికెళ్ళాడు, ఎప్పుడొస్తాడు అని అడుగుతాడనుకుని దారం తీసేలోపు మెట్లు దిగిపోయాడు. కాగితం చేతికివ్వలేదు, తలుపుకీ అంటించలేదు. నా కొడుకు రెండు వీధుల అవతల, పనిలో ఉన్నాడు.

ఆ మనిషి ఏం రాశాడో నాకు తర్వాత వకీలు చదివి చెప్పాడు. ‘కావాలని తప్పించుకు తిరుగుతున్నాడు, తల్లి దాస్తోంది’ అని. దాని మీదే వారెంటు ఇచ్చారట. కట్టగలిగి ఎగ్గొడుతున్నాడా, కట్టలేకపోతున్నాడా అని వాణ్ణి ఎవరూ అడగలేదు. పిలిచి అడిగితే చెప్పేవాడు.

ఆ శుక్రవారం మధ్యాహ్నం వారెంటు పట్టుకుని కోర్టువాళ్ళు వచ్చారు. వాడు కంచం ముందు కూర్చున్నాడు, చెయ్యి కూడా కడుక్కున్నాడు.

“తిననివ్వండి బాబూ.”

“వచ్చి తింటాడులేమ్మా. జడ్జిగారికి చెప్పుకుంటాడు, అంతే.”

జడ్జిగారి ఎదుటికి తీసుకెళ్ళలేదు. కోర్టు వేళ దాటింది, ఇంక రెండు రోజులు సెలవని నేరుగా జైల్లో పెట్టారు. పీల్చే మందు కిటికీలోనే ఉండిపోయింది. అది పట్టుకుని సాయంత్రమే వెళ్ళాను. గేటు దగ్గర జవాను “బయటి మందు లోపలికి పోదమ్మా, డాక్టరు చీటీ తే” అన్నాడు. మందు ఇస్తే చాలు, నన్ను చూడనివ్వక్కర్లేదు అన్నాను. “చీటీ తే” అన్నాడు. డాక్టరు దొరికేసరికి తెల్లారింది.

పొద్దున చీటీతో వెళ్ళాను. అదే జవాను. నా మొహం చూడకుండా “లేడమ్మా” అన్నాడు.

ఆసుపత్రికి తీసుకెళ్ళారనుకున్నాను. “ఎప్పుడొస్తాడు బాబూ?” అని అడిగాను. అడిగాను అయ్యా. ఆ అమీనా నన్ను అడగాల్సిన మాట అది.

ఇందాక భర్త లేడంటే మీరు చనిపోయాడని రాసుకున్నారు. కొడుకు లేడంటే దాక్కున్నాడని వాళ్ళు రాసుకున్నారు. ఇప్పుడు నోరు తెరవాలంటే భయంగా ఉంది. అందుకే ప్రతి ముక్కా మళ్ళీ చదవమంటున్నాను, విసుక్కోకండి. నాకు కావలసింది ఒకటే. నా కొడుకు పారిపోయాడన్న మాట కొట్టేయించండి. ‘పనికి వెళ్ళాడు’ అని రాయించండి.

రాసింది రెండుసార్లు చదివి వినిపించారు. నేను అన్నదే ఉంది, అననిది లేదు. నన్ను ఎవరూ బెదిరించలేదు, ఎవరూ నేర్పలేదు.

ఎడమ చేతి బొటనవేలి ముద్ర.

గుమాస్తా బాబూ, ఇది కూడా రాయి. నీ క్యారియరు పొద్దున్నుంచీ ఆ బీరువా పక్కనే ఉంది, మూత తీయలేదు. ఇంక ఎవరు పిలిచినా లేవకు. కూర్చుని కడుపునిండా తిను.