మూడో పిలుపు

గడ్డకట్టిన సరస్సు మీద చేపల వేటకు వేసుకున్న చెక్కగదిలో లూసిల్, ఆమె భర్త ఆర్మాండ్ మంచులో తొలిచిన రంధ్రం పక్కన కూర్చున్నారు. కింది నుంచి వచ్చే పచ్చటి వెలుగులో ఆయన ముఖం నీళ్ళ మీద తేలుతున్నట్టు కనిపించింది ఆమెకు.

"చేపలు కూడా నీకు ఓటెయ్యట్లేదు," అంది లూసిల్. "ఇవాళ అయిదింటితో నామినేషన్లు ఆఖరు. కాగితాలు బండిలోనే ఉన్నాయి."

"ఉండనీ. ఇన్నేళ్ళు శాసనసభలో కూర్చున్నది చాలు."

"నిన్న ఏం జరిగిందో చెప్పవేం?"

"ఓటింగు మీటలు మొరాయిస్తే ఒక్కొక్కరి పేరూ పిలిచి ఓటు అడిగారు. పొరపాటున, పోయిన నెల చచ్చిపోయిన నా తోటి సభ్యుడు, మన ఎమిల్ పేరు కూడా పిలిచారు."

"అయ్యో."

"పటాలంలో పోయినవాడి పేరు నివాళిగా మూడుసార్లు పిలుస్తాం కదా. మిగతా రెండు పిలుపుల కోసం లేచి నిలబడిపోయాను. చుట్టూ వియత్నాం అడవిలో వాన కురుస్తున్నట్టే ఉంది."

"మరి నీ పేరు?"

"పిలిచారట, వినపడలేదు. మళ్ళీ పిలిచారట. సభంతా నన్నే చూస్తోంది. బుర్ర పోయినవాడికి ఆ కుర్చీ ఎందుకే?"

"మూడోసారి?"

"పలికాను. సైనికుల ఆసుపత్రి బిల్లుకి అవునని ఓటేశాను."

లూసిల్ గాలం చుట్టేసింది.

"పోయినవాళ్ళు మూడోసారి కూడా పలకరు, ముసలోడా. లే. బండి నేను నడుపుతాను, రాజధాని అగస్టా దాకా నువ్వు కునుకు తియ్యి."