దెసాంకా వీధి తలుపు

1999 మే నెల. నాటో కూటమి విమానాల దాడికి కరెంటు పోయిన మర్నాడు, సెర్బియాలోని ఒక చిన్న ఊళ్ళో, అపార్ట్‌మెంటు నేలమాళిగ మెట్ల మీద ఇద్దరు ఇరుగుపొరుగు ఆడవాళ్ళు ఎదురుపడ్డారు.

"ముస్తాబై ఎక్కడికక్కా? సైరన్ ఇప్పుడే ఆగింది."

"దెసాంకా ఇంటికి. ఇవాళ వాళ్ళ ఇంటిని తరతరాలుగా కాచే పునీతుడి పండగ కదే."

"ఆవిడ మొగుడు సంతలో బాంబుకి పోయి వారం కాలేదు! ఉల్లికాడలు తెస్తానని ఎదుటి సంతకే వెళ్ళిన మనిషి. ఇప్పుడు పండగేంటి? నిన్ను పిలిచిందా?"

"ఈ పండక్కి ఎవరు ఎవర్ని పిలుస్తారే? రోజంతా వీధి తలుపు తీసి ఉంచుతారు, వచ్చేవాళ్ళు వస్తారు. 'మా ఆయన పోయాడు గానీ మా పునీతుడు పోలేదు' అందిట."

"కరెంటు లేకుండా పండగ రొట్టె ఎలా చేస్తుంది?"

"పెరట్లో కట్టెల పొయ్యి ఉందిగా. పొద్దున్నే చూసొచ్చాను."

"కట్టెలెక్కడివి? చలికాలానికే అందరికీ అయిపోయాయి!"

"ఆ బాంబుకే వాళ్ళ వీధి తలుపు ఊడిపడింది. గొడ్డలి పుచ్చుకుని దాన్ని చీల్చింది."

"తలుపునా!"

"నేనూ అలాగే నోరు వెళ్ళబెట్టాను. 'ఎలాగూ ఇవాళ తెరిచే ఉంచాలిగా' అని నవ్వింది, మహాతల్లి. కళ్ళు మాత్రం వాచిపోయున్నాయి."

"అయ్యో, దెసాంకా..."

"ఏమే, ఏడుస్తున్నావా?"

"లేదులే. ఉండక్కా, నేనూ వస్తాను. ఫ్రిజ్‌లో గొర్రె మాంసం కరిగిపోతోంది, పట్టుకొస్తాను. కాల్చడానికి కట్టెలే..."

"పట్రా. ఇంకా సగం తలుపుంది."